మెడలో వేలాడే గంటలు

తొమ్మిదింటికి జ్యోతిషం క్లాసు. అదే తొమ్మిదింటికి అంకెల శాస్త్రం. మళ్లీ అదే తొమ్మిదింటికి, మాయలూ మంత్రాలూ రాని మామూలు మనుషుల గురించి చెప్పే పాఠం. పదమూడేళ్ల పిల్ల ఏ క్లాసుకని వెళ్తుంది? హెర్మయినీ గ్రేంజర్ మాత్రం మూడింటికీ వెళ్లింది!

ఎలాగో, 1999లో వచ్చిన 'హ్యారీ పోటర్ అండ్ ద ప్రిజనర్ ఆఫ్ అజ్కబాన్' చివర్లోగానీ తెలీదు. ఆమె మెడలో, బట్టల లోపల సన్నటి గొలుసు. దానికో బుల్లి ఇసుక గడియారం. పేరు టైమ్ టర్నర్. ఒక్కసారి తిప్పితే గంట వెనక్కి వెళ్లిపోవచ్చు.

మరి అది దేంతో నడుస్తుంది? కీ లేదు, బ్యాటరీ లేదు. గంటను వెనక్కి మళ్లించే ఒక మంత్రమే దాని ఇంధనం. రచయిత్రి జె.కె. రోలింగ్ తర్వాత రాసిన వివరణ ప్రకారం ఆ మంత్రం నిలకడ లేనిది. అందుకే, ఆవిరిని కుక్కర్లో బిగించినట్టు, దాన్ని గడియారంలో బంధించారట. అలా బిగించినా అయిదు గంటలే హద్దు. అది దాటితే మనిషికీ ముప్పే, కాలానికీ ముప్పే.

దాటితే ఏమవుతుందో చెప్పడానికి రోలింగ్ ఓ పిట్టకథ కూడా అల్లింది. ఎలోయీజ్ మింటంబుల్ అనే ఆవిడ 1899లో ప్రయోగం కోసం ఏకంగా 1402కి వెళ్లి అయిదు రోజులు చిక్కుకుపోయింది. వెనక్కి రప్పించేసరికి ఒంటికి అయిదు శతాబ్దాల వయసు మీదపడి ప్రాణం పోయింది. అంతటితో అయిందా? ఆవిడ తిరిగొచ్చాక వచ్చిన మంగళవారం రెండున్నర రోజులు సాగింది. గురువారమేమో నాలుగు గంటల్లో ముగిసిపోయింది. ఆవిడ అక్కడ కలిసినవాళ్ల జీవితాలు మారిపోయి, ఇక్కడ పాతికమంది అసలు పుట్టకుండానే పోయారు.

కాలం ఇలా సాగడం, ముడుచుకోవడం మనకి మరీ కొత్తేం కాదు. కకుద్మి మహారాజు కూతురు రేవతికి వరుణ్ని అడుగుదామని బ్రహ్మలోకానికి వెళ్లి, అక్కడ గానం ముగిసేదాకా ఆగాడు. ఆ కాసేపట్లో భూమ్మీద ఇరవై ఏడు మహాయుగాలు గడిచాయంటుంది భాగవతం. తను అనుకున్న వరుళ్లెవరూ మిగల్లేదు. బలరాముడు దొరికాడు కాబట్టి సరిపోయింది!

ఇంత ప్రమాదకరమైన వస్తువుని ఓ చదువుల పిల్ల చేతిలో పెట్టారంటే ఆశ్చర్యమే. చదువుకి తప్ప మరి దేనికీ వాడదని టీచరు మెక్‌గొనగల్ ప్రభుత్వానికి ఉత్తరాలమీద ఉత్తరాలు రాసి ఒప్పించింది. నిజానికి నవలలో మంత్రాలకన్నా గట్టిగా తగిలేది ఇక్కడే. గడియారం గంటలిచ్చింది, ఓపికివ్వలేదు. హెర్మయినీ కళ్లకింద నీడలు. చీటికీమాటికీ చిరాకు. ఒకేరోజు మాల్ఫోయ్ చెంప ఛెళ్లుమనిపించింది, పుస్తకంమీద తలపెట్టి నిద్రపోయి ఒక క్లాసు పోగొట్టుకుంది, మరో క్లాసులోంచి విసురుగా లేచి వెళ్లిపోయింది. స్కూలు అవగానే ట్యూషను, ట్యూషను అవగానే అబాకస్ అంటూ టైమ్‌టేబుళ్లు వేసే ఇళ్లలో ఈ పేజీలు పెద్దవాళ్లు చదవాల్సినవి. ఏడాది చివర ఆ పిల్ల 320 శాతం మార్కులొచ్చిన సబ్జెక్టునే వదిలేసి, గడియారాన్ని తిరిగిచ్చేసింది. ఇలాంటి ఏడాది ఇంకోటి తనవల్ల కాదంది.

ఇచ్చేముందు మాత్రం మూడుసార్లు తిప్పి, హ్యారీతో కలిసి రెండు ప్రాణాలు కాపాడింది. అక్కణ్నుంచే రచయిత్రికి చిక్కొచ్చిపడింది. ఇలాంటిది చేతిలో ఉంటే కథలో ఎవరు చచ్చిపోయినా వెనక్కెళ్లి బతికించొచ్చుగా! కాలప్రయాణం విషయంలోకి మరీ తేలిగ్గా దిగిపోయానని రోలింగే ఒప్పుకుంది. 2003లో వచ్చిన అయిదో నవలలో మంత్రుల కార్యాలయంలో పెద్ద పోరు పెట్టి, అక్కడున్న టైమ్ టర్నర్లన్నిటినీ పగలగొట్టించేసింది.

అయినా వదల్లేదు. 2016లో లండన్ రంగస్థలమెక్కిన 'కర్స్‌డ్ చైల్డ్' నాటకంలో ఒకటి మళ్లీ బయటపడింది. హ్యారీ కొడుకు ఆల్బస్, వాడి స్నేహితుడు స్కార్పియస్ ఎప్పుడో చనిపోయిన కుర్రాణ్ని బతికించాలని దాన్ని తిప్పుతారు. స్కార్పియస్ ఒక్కడే తేలతాడు. ఆ ప్రపంచంలో హ్యారీ ఏనాడో చనిపోయాడు. ఆల్బస్ అనేవాడు పుట్టనే లేదు.