ఖాళీ అని రాసిన నేల ఎవరిది?

పోడు భూముల సర్వే జరుగుతున్నప్పుడు ఏజెన్సీలోని ఒక గూడెంలో నాలుగు రోజులున్నాను. యంత్రం పట్టుకుని తిరుగుతున్న కుర్రాడికి హద్దులన్నీ చూపించింది ఆ ఇంటి ఆడమనిషే. ఏ బండ దగ్గర మలుపు, ఏ ఇప్పచెట్టు దాకా జొన్న, అన్నీ ఆమే చెప్పింది. కాగితం మీద రాసేటప్పుడు మాత్రం అతను "మీ ఆయన పేరేంటమ్మా?" అని అడిగాడు. మేం చట్టం గుర్తు చేశాక గానీ ఆమె పేరు ఎక్కలేదు.

అప్పటి నుంచి భూమి కొలతల చరిత్ర దొరికిన మేరకు చదువుతున్నాను. అందులో నన్ను వదలనిది అమెరికాలో న్యూయార్క్ రాష్ట్రపు పడమటి భాగం కథ. అది సెనెకా ఆదివాసుల నేల. వారిలో వంశం తల్లి వైపు నుంచి లెక్క. మొక్కజొన్న, చిక్కుడు, గుమ్మడి పండించేదీ, పొలాల మీద పెత్తనం చేసేదీ స్త్రీలే. 1779లో అమెరికా సైన్యం సెనెకాలవీ వారి ఇరుగుపొరుగు జాతులవీ సుమారు 40 ఊళ్లనూ, చేతికొచ్చిన పంటనూ తగలబెట్టింది. ఇరవై ఏళ్లు తిరక్కుండానే అదే ప్రాంతాన్ని 'మనిషి అడుగు పెట్టని అడవి' అని అమ్మకానికి పెట్టారు. పంట కాల్చినవాళ్లకు అక్కడ సాగు ఉందని తెలియదా?

రాబర్ట్ మోరిస్ అనే వ్యాపారి ఆ భూమిలో చాలా భాగాన్ని డచ్చి పెట్టుబడిదారులకు ముందే అమ్మేశాడు. సెనెకాల హక్కు తీసేయడం ఒక్కటే మిగిలింది. 1797లో బిగ్ ట్రీ దగ్గర జరిగిన చర్చల్లో పెద్దలు కాదంటే, మోరిస్ కొడుకు ఆడవాళ్ల దగ్గరికి వెళ్లాడు. పాడి ఆవులిస్తామన్నాడు, డబ్బొస్తే కష్టాలు తీరతాయన్నాడు. ఒప్పందం కుదిరింది. 30 లక్షల ఎకరాలు దాటిన నేలకు లక్ష డాలర్లు! ఎకరానికి డాలరులో ముప్పయ్యో వంతు కూడా పడలేదు. 1798 నుంచి 1800 దాకా జోసెఫ్ ఎలికాట్ మనుషులు దాన్ని ఆరేసి మైళ్ల చదరాలుగా కొలిచారు. మట్టి ఎలాంటిది, కలప ఎంత, మర పెట్టడానికి వాగు ఎక్కడుంది అని రాసుకున్నారు. కొనేవాడికి కావలసినవన్నీ అందులో ఉన్నాయి. ఆ మట్టిని సారవంతం చేసిన చేతుల లెక్క ఎవరికీ అక్కర్లేకపోయింది. భూమి వదులుకునేటప్పుడు స్త్రీల సమ్మతి కావలసి వచ్చింది, విలువ కట్టేటప్పుడు వాళ్ల శ్రమ కనపడలేదు.

వలస వచ్చిన తెల్ల స్త్రీల సంగతీ గొప్పగా లేదు. చెట్లు కొట్టి, గుడిసె వేసి, బిడ్డల్ని కని ఆ అడవిని ఊరు చేసిన పెళ్లయిన స్త్రీకి 1848లో న్యూయార్క్ చట్టం వచ్చేదాకా తన ఆస్తి మీద తనకే అధికారం లేదు. అదే 1848లో సెనెకాలు ఎన్నికల పాలన పెట్టుకున్నప్పుడు ఓటు మగవాళ్లకే దక్కింది. సెనెకా స్త్రీలకు అది 1964లో గానీ రాలేదు. అయితే భూమి వదులుకోవాలంటే నాలుగింట మూడు వంతుల తల్లులు ఒప్పుకోవాలన్న నియమాన్ని వారు ఆ 1848 రాజ్యాంగంలోనే రాసుకున్నారు. పోగొట్టుకున్నాక నేర్చిన పాఠం అది.

కొలత నిష్పాక్షికమైనదని మనల్ని నమ్మిస్తారు. గొలుసుకు పక్షపాతం లేకపోవచ్చు, గొలుసు పట్టించినవాడికి ఉంటుంది. 'బంజరు', 'ఖాళీ', 'ఆక్రమణ' అన్న మాటలు కొలత మొదలు కాకముందే ఇచ్చేసిన తీర్పులు.

మనకు 2006 అటవీ హక్కుల చట్టం ఉంది. పెళ్లయినవారికి హక్కు పత్రం భార్యాభర్తలిద్దరి పేరునా ఇవ్వాలని, ఒంటరి స్త్రీ ఇంటిపెద్ద అయితే ఆమె పేరునే ఇవ్వాలని అది చెబుతోంది. అటవీ హక్కుల కమిటీలో మూడోవంతు స్త్రీలుండాలని నియమాలు చెబుతున్నాయి. ఇవి కాగితం మీదే మిగలకూడదంటే సర్వే రోజున మనం గూడెంలో ఉండాలి. హద్దు చూపిన స్త్రీ పేరు అక్కడికక్కడే రాయించాలి. రాసింది ఆమెకు చదివి వినిపించమని అడగాలి. వితంతువునూ, భర్త వదిలేసిన స్త్రీనీ పిలిపించాలి. పట్టాలు పంచే సభకు వెళ్లి చప్పట్లు కొట్టే సమయానికి అంతా అయిపోయి ఉంటుంది.