దస్తగీర్ పేరు దొరికింది, మరి ఆ ఆడవాళ్లవి?

ఇటలీ ఆర్టిస్టు అలిగియెరో బొయెత్తి గురించి చదువుతుంటే ఒక పేరు దగ్గర కళ్లు ఆగిపోయాయి. ఇంగ్లిషు స్పెల్లింగులో ఏదో పరాయి పేరులా ఉంది. విప్పి చదివితే గులామ్ దస్తగీర్! అరే, ఇది మన పేరే కదా. రాయలసీమలో ఎన్ని ఊళ్లలో ఎంతమంది దస్తగిరిలు లేరు? పీరానే పీర్ లఖబ్ అది. ఫార్సీలో దస్త్ అంటే చెయ్యి. చెయ్యి పట్టి ఆదుకునేవాడు దస్తగీర్.

ఈ దస్తగీర్ కాబూల్ మనిషి. 1971లో బొయెత్తి అతనితో కలిసి అక్కడ వన్ హోటల్ తెరిచాడు. ప్రపంచ పటాలు కుట్టించడం కూడా ఆ ఏడాదే మొదలైంది. ఏ దేశం మీద ఆ దేశం జెండా రంగులు. కుట్టింది అఫ్ఘాన్ ఆడవాళ్లు. 1979లో సోవియట్ ఫౌజు దిగాక ఆ పని పెషావర్‌లోని అఫ్ఘాన్ శరణార్థుల చేతికొచ్చింది. 1994లో బొయెత్తి పోయేనాటికి దాదాపు 150 పటాలు. ఇప్పుడు వేలంలో వాటికి లక్షల డాలర్లు.

దీన్ని ‘కలిసి చేసిన కళ’ అంటారు విమర్శకులు. కలిసి? ఎవరెవరు కలిసి?

బొయెత్తి తన పేరును ‘అలిగియెరో ఎ బొయెత్తి’ అని రాసుకున్నాడు. ‘ఎ’ అంటే ‘మరియు’. ఒక్క మనిషి తనను తాను ఇద్దరిగా లెక్కేసుకున్నాడు. నెలలు, ఏళ్లు సూది పట్టినవాళ్లు మాత్రం ఆ లెక్కలో ఒక్కరు కూడా లేరు.

ఒకసారి సముద్రం గులాబీ రంగులో కుట్టి పంపారట. సముద్రం చూడని వాళ్లు కదా పాపం, అని ఈ కిస్సా నవ్వుతూ చెబుతారు. బొయెత్తి దాన్ని మెచ్చుకుని, తర్వాత సముద్రం రంగు వాళ్ల ఇష్టానికే వదిలేశాడు. మంచి మనసే, కాదనను. మజూరీ కూడా ఇచ్చాడు. మజూరీ వేరు, నామ్ వేరు.

పర్దా అడ్డమొచ్చింది, పరాయి మగాడు వాళ్లనెలా కలుస్తాడు అంటారు. ఈ బహానా వింటే నాకు ఒళ్లు మండుతుంది. పర్దా మొహానికి గానీ పేరుకు కాదు. మజూరీ పర్దా దాటి లోపలికెళ్లింది. పటం పర్దా దాటి బయటికొచ్చింది. కాగితమ్ముక్క మీద నాలుగు పేర్లు రాలేకపోయాయా? 1990లో రాండీ మాల్కిన్ స్టైన్‌బర్గర్ అనే అమెరికన్ ఫొటోగ్రాఫర్ పెషావర్ వెళ్లి కుట్టేవాళ్ల ఫొటోలు తీసింది. ఆడమనిషికి తలుపు తెరుచుకుంది కదా!

మా హదీసు ఇల్మ్‌లో ఎవరు ఎవరి దగ్గర విన్నారో సనద్ చెప్పకపోతే మాటకు విలువ లేదు. ఆ సనద్‌లలో హజ్రత్ ఆయిషా మొదలుకొని ఎందరో ఆడవాళ్ల పేర్లున్నాయి. పర్దా ఇస్లాంది అని వేలు చూపేవాళ్లు ఇది కూడా చూడాలి.

ఇంకో సంగతి. ఇదే బొయెత్తి తన భార్య ఆన్ మారీ సోజోతో కలిసి ప్రపంచంలోని వెయ్యి పొడవైన నదులను ఏళ్ల తరబడి వెతికి, పొడవు వరసలో పెట్టి, 1977లో కితాబుగా వేశాడు. ఆ నదుల పేర్లనూ కాబూల్‌లోనే కుట్టించాడు. వెయ్యి నదుల పేర్లు కుట్టిన ఆ ఆడవాళ్లలో ఒక్కరికైనా తన పేరు కుట్టమని ఎవరూ చెప్పలేదు.

పేర్లు ఇప్పుడు దొరకవంటారా, సరే. పటం పక్కన చీటీ మీద ఆ సంగతే రాయండి: ‘కుట్టినవారు అఫ్ఘాన్ స్త్రీలు. వారి పేర్లు మేము రాసుకోలేదు.’