షీరీన్ అంటే మెత్తనిదా?

పక్కింటి బేగంగారి మనవరాలికి షీరీన్ అని పేరు పెట్టారు. పిల్ల ఉయ్యాల్లో గుక్కపట్టి ఏడుస్తుంటే, "పేరేమో తియ్యన, గొంతేమో ఇదీ! ఆడపిల్ల మెత్తగా ఉండొద్దూ?" అన్నారు చూడొచ్చిన పిన్నిగారొకరు. నాకు ఒళ్ళు మండింది.

పారశీకంలో షీరీన్ అంటే తియ్యనిదే, కాదనను. మెత్తనిదని ఎవరు చెప్పారండీ? 12వ శతాబ్దంలో నిజామీ రాసిన కావ్యంలో షీరీన్ అర్మేనియా రాచబిడ్డ. ఒంటరిగా గుర్రమెక్కి ఖుస్రో రాజధాని దాకా వెళ్ళింది. తర్వాత అదే ఖుస్రో, అంతటి రాజు, తన గుమ్మంలోకొస్తే తలుపు తియ్యలేదు. పెళ్ళాడితేనే లోపలికి రమ్మంది, అదీ మేడమీద నుంచే!

ఇరాన్‌లో జడ్జీగా ఉన్న షీరీన్ ఎబాదీని 1979 విప్లవం తర్వాత, ఆడది తీర్పు చెప్పరాదంటూ గుమాస్తాని చేశారు. ఆవిడ నోరు మూసుకున్నారా? 2003లో నోబెల్ శాంతి బహుమతి అందుకున్నారు.

పిల్లని ఏడవనివ్వండి, పిన్నిగారూ.