మా గొర్రెల షెడ్డు

పంచాయతీ ఆఫీసులో నేనిచ్చిన దరఖాస్తులో 'గొర్రెల షెడ్డు' అని ఉంది. కింద సంతకం నాదే. మాకు గొర్రెలు ఎన్నడూ లేవు. ఆ షెడ్డులో రెండు పడక గదులు, ఒక పూజ గది ఉన్నాయి.

మాది మొయినాబాద్ పక్క పల్లె. 111 జీవో కిందికి వచ్చే 84 ఊళ్లలో ఒకటి. 1908లో మూసీ వరద హైదరాబాద్‌ను ముంచాక మూసీ మీద గండిపేట, ఈసీ మీద హిమాయత్‌సాగర్ చెరువులు కట్టారు. ఆ నీళ్లలోకి మురుగు దిగకూడదని 1996 మార్చిలో ఈ జీవో వచ్చింది. చెరువుల చుట్టూ పది కిలోమీటర్ల దాకా కాలుష్య పరిశ్రమలు, పెద్ద హోటళ్లు, కాలనీలు వద్దంది. 90 శాతం భూమి సాగు లాంటి సంరక్షణ అవసరాలకు, వినోద అవసరాలకే ఉండాలంది. ఇదంతా నాకు తర్వాత తెలిసిందే. అప్పట్లో మాకది మా భూమికి రేటు రానీయని కాయితం, అంతే. చదవమని ఎవరూ చెప్పలేదనొచ్చు. చదవొద్దని కూడా ఎవరూ చెప్పలేదు.

ఈ పరిధిలో ఒక నూనె ఫ్యాక్టరీకి మినహాయింపు కుదరదని 2000లో సుప్రీంకోర్టు తేల్చినప్పుడు, మంచి పని జరిగిందనుకున్నాం. ఫ్యాక్టరీది కాలుష్యం, ఇంటిది అవసరం. అలా ఎవరు విడదీశారంటే, మేమే.

మా అన్న బిడ్డ పెళ్లికి పది గుంటలు అమ్మాం. చామంతి పూసే చెలక. కొనడానికి వచ్చిన పట్నపాయన గట్టు మీద నిలబడి, "ఇక్కడ ఇల్లు కట్టుకోవచ్చా?" అని సూటిగా అడిగాడు. "ఎవరడుగుతరు సార్, అందరు కడుతలేరా" అన్నాను. బ్రోకర్లు మమ్మల్ని ముంచారని ఇప్పుడు ఊళ్లో అంటుంటారు. ఆ రోజు అక్కడ బ్రోకర్లు ఎవరూ లేరు. ఆ డబ్బుతోనే పెళ్లి ఘనంగా చేశాం, మిగిలిన దాంతో నేనూ పునాది తవ్వించాను.

కట్టడం అక్రమమని నోటీసు వచ్చింది. వకీలు దగ్గరికి పోతే ఆయన మొదట అడిగింది ఇంటి పన్ను రసీదు. షెడ్డుకి ఇంటి నంబరు వేయించి ఏటా పన్ను కడుతూనే ఉన్నాను కదా, రసీదులు చూపించాను. కోర్టు స్టేటస్ కో ఇచ్చింది. అంటే ఉన్నది ఉన్నట్టు ఉంచమని. మేం మాత్రం స్లాబు పడేదాకా దొరికిన గడువు అనుకున్నాం. పని రాత్రిళ్లు చేయించాను. ఊరంతా చూసింది, ఒక్కరూ మాట్లాడలేదు. ఎందుకు మాట్లాడతారు? వాళ్ల ఇళ్లు లేచినప్పుడు నేనూ మాట్లాడలేదు.

ఇంతకన్నా సిగ్గుపడాల్సింది ఇంకొకటుంది. పక్క చేను కొన్నాయన కాలువకి అడ్డంగా ప్రహరీ కట్టాడు. వానాకాలం నీళ్లు మా వాకిట్లోకి వచ్చాయి. ఆయన మీద కేసు వేశాను. ఆ పిటిషన్‌లో 111 జీవోను, చెరువులను, రాబోయే తరాలను అన్నిటినీ రాయించాను. నా కేసులో అదే జీవో నాకు వర్తించదని వాదన. వకీలు ఒకరే. రెండు ఫైళ్లూ ఒకే సంచిలో పట్టుకుని వాయిదాలకు తిరిగాను, అప్పుడు నాకేమీ అనిపించలేదు. అనిపించిందేమో, బస్సు దిగేసరికి పోయింది.

2022 ఏప్రిల్‌లో 69 జీవోతో ఆంక్షలు సడలించారు. నగరం తాగే నీళ్లలో ఈ రెండు చెరువుల వాటా 1.25 శాతం లోపుకు పడిపోయిందన్నది అందులో చూపిన ఒక కారణం. మరుసటి ఏడు మే నెలలో 111ను పూర్తిగా ఎత్తేస్తామన్నారు. ఊళ్లో పటాకులు కాల్చాం. లడ్డూలు పంచినవాళ్లలో నేనూ ఉన్నాను. మా చెరువు నీళ్లు ఇక ఎవరికీ పెద్దగా అక్కర్లేదన్న మాటకు మేం లడ్డూలు తిన్నాం. అది ఆ రోజు తోచలేదు. తోచినా తినేవాణ్ణే.

ప్రభుత్వాలను, అధికారులను తిట్టే అర్హత ఉన్నవాడు మా ఊళ్లో ఒక్కడు కనబడితే ఆయన పక్కన నిలబడతాను. ఇంతవరకు కనబడలేదు.

నా రెండు కేసులూ ఇంకా నడుస్తున్నాయి. మొన్న వానకి మా సెప్టిక్ ట్యాంకు పొంగింది. నీళ్లు కాలువలోకే పోయాయి.