నంబరు మరిస్తే హక్కు పోతదా?

ఆలూరు నుంచి చేవెళ్ల దాకా పోయిన అవ్వను "కార్డు నంబరు ఏంది?" అని అడిగి వాపస్ పంపుతరు. ఏజెన్సీ గూడెంలోనూ ఇదే కథ. తమ్ముడూ, చెల్లే, ఆ నంబరు ఇచ్చింది సర్కారు, రాసిపెట్టుకున్నది సర్కారు. చూపెట్టాల్సిందీ సర్కారే కదా!

పౌరసరఫరాల శాఖ ఈపీడీఎస్ సైటులో ఎఫ్‌ఎస్‌సీ సెర్చ్ ఉంది. పాత రేషన్ కార్డు నంబరుతో కూడా వెతకొచ్చు. పైసా కట్టే పని లేదు. దీనికి వంద గుంజే బ్రోకర్‌ను నిలదీయండి.

అసలు దెబ్బ వేరే ఉంది. 2014 తర్వాత తెలంగాణలో దాదాపు 19 లక్షల కార్డులు రద్దు చేశారు, కంప్యూటర్ లెక్కలు చూసి. క్షేత్రస్థాయిలో మళ్లీ పరిశీలించమని 2022లో సుప్రీంకోర్టు చెప్పాల్సి వచ్చింది. మనిషికి నెలకు 6 కిలోల బియ్యం. ఐదుగురున్న ఇంట్లో కార్డు పోతే 30 కిలోలు పోయినట్టే.

అందుకే సెర్చ్‌లో పేరు రాకపోతే తలరాత అనుకొని ఇంటికి రావద్దు. ఎందుకు తీసేశారో సమాచార హక్కు చట్టం కింద రాసి అడగండి. దారిద్ర్యరేఖ దిగువనున్నోళ్లకు ఫీజు లేదు. (రేషన్ కార్డే తీసేసి, పేదోళ్లని రుజువేదంటరు, అది వేరే తమాషా.) ఫీజు ఐదు రూపాయలు కట్టైనా సరే, తహసీల్దార్ ఆఫీసులో దరఖాస్తు ఇచ్చి రసీదు తీస్కోండి.