పెరటి మడి: లేత తోటకూరకు తొలి ముద్ద



పెరటిలో చల్లిన విత్తులు మొలిచి, నాలుగు దినములు పచ్చగా నుండి, ఒక ప్రొద్దున వాడి వ్రాలినచో మన యిండ్లలో మొదట వినవచ్చు మాట “చేతివాసి లేదు” అనునది. ఆ మాట తఱచుగా క్రొత్తకోడలిమీదనే పడును. కాని మొలక మాడుటకు చేతివాసితో నిమిత్తము లేదు. పెక్కు తావుల మొక్కపై గల ప్రేమచే దోసిలి నిండ వేసిన యెరువే దానికి మృత్యువగుచున్నది. ఈ నెల ఆ సంగతి ముచ్చటింప దలచితిమి. మనకందఱకును పరిచితమైన తోటకూరనే ఉదాహరణముగా గైకొందము.

తోటకూర విత్తు ఆవగింజకంటెను చిన్నది. అయినను మొలకకు వలయు తొలి యాహారము అందే దాగియున్నది. మొదట విచ్చుకొను రెండు చిన్ని దళములు బీజదళములు. వాని తరువాత వచ్చునవే నిజమైన ఆకులు. శిశువునకు ఆఱు మాసములు నిండువఱకు తల్లిపాలే చాలినట్లు, ఈ మొలకకు బీజములోని భోజనమును, మెత్తని మన్నును, కొలది తడియును చాలును. నాలుగు నిజమైన ఆకులు కానవచ్చిన పిదపనే దానికి అన్నప్రాశనము. వెచ్చని దినములలో విత్తిన 12 మొదలు 15 దినములకు ఆ ముహూర్తము వచ్చును.

అట్లని విత్తుటకు ముందు మన్నును పస్తుంచరాదు. ఆఱవ శతాబ్దివాడగు వరాహమిహిరుడు బృహత్సంహితలోని వృక్షాయుర్వేదాధ్యాయమున, చెట్లు నాటదలచిన నేలలో ముందుగా నువ్వులు చల్లి, అవి పూచినప్పుడు ఆ నేలలోనే మర్దింపవలెనని చెప్పినాడు. మొక్కకంటె ముందు మన్నునకు పెట్టుట మన పూర్వు లెఱిగిన ధర్మమే. చదరపు మీటరు మడికి బాగుగ మాగిన పశువుల యెరువు రెండున్నర కిలోలు కలిపిన చాలును. మాగిన యెరువు నల్లగా, పొడిపొడిగా, చేతికి చల్లగా నుండును, పేడవాసన రాదు. పచ్చిపేడ మాత్రము కూడదు. అది కుళ్లునపుడు పుట్టు వేడియు ఘాటును లేతవేళ్లను చెఱచును. అంతేకాక పేడలోని రోగక్రిములు ఆకులకు అంటును. నేలను తాకు పంటకు పచ్చిపేడ వేసినచో కోతకు ముందు 120 దినములు గడువవలెనని అమెరికాదేశపు సేంద్రియ సాగు నిబంధన. మన తోటకూర నెలకే కోతకు వచ్చునది. ఇక పచ్చిపేడకు తావెక్కడ?

నాలుగాకులు వచ్చిన పిదప, ఒత్తుగా నున్న మొక్కలను పెఱికి పప్పులో వేసికొని, మిగిలినవానికి తొలి ముద్ద పెట్టవలెను. వేరుసెనగపిండి చెక్క 33 గ్రాములను రెండు దినములు నీటిలో నానవేసి, వడకట్టి, పలుచగా కలిపి చదరపు మీటరు మడికంతకు పోయవచ్చును. చెక్క దొరకనిచో యూరియా 5 గ్రాములు, అనగా ఇంచుమించు ఒక టీచెంచా, 5 లీటర్ల నీటిలో కరగించి పోయవచ్చును. యూరియాలో నూటికి 46 పాళ్లు నత్రజని యున్నది. చెక్కలో సుమారు 7 పాళ్లు. కావున ఈ రెండు కొలతలును నత్రజని విషయమున సమానములే. చెక్క మెల్లగా నొసగును, యూరియా వెంటనే యొసగును, అంతియ భేదము. ముందు మడిని తడిపి, చల్లని వేళ మొదళ్లలో పోసి, ఆకులపై పడినచో మంచినీట కడుగవలెను.

కొలత మీఱినచో నేమగును? మాగాయ ముక్కలకు ఉప్పు చల్లగనే ఊట యూరుట మన మెఱుగుదుము. వేళ్ల చుట్టు లవణము లెక్కువైనచో అట్లే వేరులోని నీరు వెలుపలికి తీయబడును. మడి తడిగా నుండగనే మొక్క దాహముతో వాడును. ఆకుల అంచులు మాడును. అప్పుడు మఱల ఎరువు వేయక, మంచినీరు ధారాళముగా పెట్టవలెను. క్రింది ముదురాకులు మొదట పసుపువాఱినచో నత్రజని చాలలేదని గుర్తు. ఆకులు మిక్కిలి నల్లపచ్చనై మెత్తగా వాలుచు, పేనుబంక పట్టినచో అధికమైనదని గుర్తు. చలికాలమున నగరములలో మేడలపై కేల్ అను కాబేజీ జాతి ఆకుకూరను పెంచు సోదరీమణులకును ఈ గుర్తులే వర్తించును.

మఱియొక ముఖ్యవిషయము. మనము మడికి పెట్టిన యధిక నత్రజని ఆకులలో, విశేషించి కాడలలో, నైట్రేటు రూపమున నిలిచి మన కంచమునకే వచ్చును. ఎండ తగిలిన మొక్క దానిని మాంసకృత్తులుగా మార్చుకొనును. కావున నీడలో పెరిగినదానికంటె ఎండలో పెరిగినదియు, తెల్లవాఱుజామున కోసినదానికంటె ఎండ కాచిన పిదప కోసినదియు మేలు. వండిన కూరను రాత్రియంతయు బయట నుంచినచో సూక్ష్మజీవు లా నైట్రేటును నైట్రైటుగా మార్చును. అది పసిబిడ్డల రక్తమునకు ప్రాణవాయువును మోయు శక్తిని తగ్గించి, శరీరమును నీలివాఱజేయవచ్చును. ఆఱు నెలలు నిండని శిశువునకు ఆకుకూర యుడికిన నీటిని నాకింపరాదు. అటుపిమ్మటను, బిడ్డకు పెట్టు కూర అప్పుడు వండినదై యుండవలెను.

తొలి కోతయైన పిదప మఱల అంతే కొలతతో రెండవమాఱు పెట్టవచ్చును. ఎరువునీరు పోసిన దినమును గోడనున్న క్యాలెండరుపై గుర్తు పెట్టుకొనుడు. పది దినములు నిండిన పిదపనే కత్తిపీట ముందు కూర్చుండుడు.