గూడలూరు జన్మభూముల తగవు

నీలగిరి జిల్లాలోని గూడలూరు ప్రాంతమున తేయాకు, కాఫీ, ఏలకుల తోటల కౌలుదార్లకును తమిళనాడు ప్రభుత్వమువారికిని నడుమ పుట్టిన వ్యాజ్యము అర్ధశతాబ్దమును దాటినది. ఇది పరరాష్ట్రపు గొడవయని ఆంధ్ర భూస్వాములు ఉపేక్షింపరాదు. 1948 సంవత్సరపు ఎస్టేట్ల రద్దు చట్టముతో మన జమీందారీలలోని అడవులును బంజరులును సర్కారు పరమైన కథ మన కుటుంబములు మరచినది కాదు. గూడలూరులో జరిగినది ఆ కథకు తరువాయి భాగమే.

పూర్వము ఈ సీమ మలబారు జిల్లాలోనిది. 1877లో దీనిని నీలగిరి జిల్లాలో కలిపిరి. ఇచ్చటి భూమిలో అధికభాగము నిలంబూరు కోవిలకమువారి జన్మహక్కు క్రింద నుండెను. వారియొద్ద తోటలవారు కౌలు పుచ్చుకొని అడవి నరికి పంట వేసిరి. 1969లో తమిళనాడు శాసనసభ గూడలూరు జన్మ ఎస్టేట్ల రద్దు చట్టము చేసి, సుమారు 80 వేల ఎకరముల భూమిని రైత్వారీ పద్ధతికి మార్ప నిశ్చయించెను. సాగులోనున్న భూమికి పట్టా, అడవి సర్కారునకు, తోటల కౌలులు సెక్షను 17 క్రింద ప్రభుత్వముపై చెల్లుబాటు, ఇదియే స్థూలముగా ఆ చట్టపు ఏర్పాటు. అయితే ప్రజాప్రయోజనము కొరకని తోచినచో మూడు మాసములకు తక్కువ కాని గడువుతో నోటీసిచ్చి ఆ కౌలును రద్దుచేయు అధికారమును ప్రభుత్వము అదే సెక్షనులో తనకు నిలుపుకొనెను.

తోటలవారు సుప్రీంకోర్టునకు పోయిరి. 1972లో బాల్మడీస్ ప్లాంటేషన్సు వ్యాజ్యమున కోర్టువారు చట్టమును నిలిపియు, అడవులను ప్రభుత్వమునకు దఖలుపరచిన భాగమును మాత్రము కొట్టివేసిరి. అడవిని సర్కారు తీసికొనుట భూసంస్కరణ కాదని వారి యభిప్రాయము. 1974లో పార్లమెంటు 34వ రాజ్యాంగ సవరణచే ఆ చట్టమును తొమ్మిదవ షెడ్యూలులో జేర్చి దానికి రక్షణ కల్పించెను. ఈ తగవునుండియే ఐ.ఆర్. కోయెలో వ్యాజ్యము పుట్టినది. 2007 జనవరి 11వ తేదీన తొమ్మండ్రు న్యాయమూర్తులు, 1973 ఏప్రిలు 24వ తేదీ తరువాత ఆ షెడ్యూలులో జేరిన చట్టములు రాజ్యాంగ మౌలిక స్వరూపమునకు భంగకరమగునేని విచారణకు లోబడునని తీర్పు చెప్పిరి. ఆ గీటురాతిపై గూడలూరు చట్టమును పరీక్షించి 2010లో గ్లెన్‌రాక్ ఎస్టేటు వ్యాజ్యమున కోర్టువారు దానిని నిలబెట్టిరి. కొండవాగున కొక తోట విషయమై పుట్టిన తగాదా యావద్భారత రాజ్యాంగ న్యాయమునే మార్చివేసినది. కాని తోటల కౌలుల సమస్య మాత్రము తీరలేదు.

ఇందులోనే వింత. అడవిని రక్షింప నుద్దేశించిన చట్టము అమలులో అడవికి హాని చేసినది. ఎట్లనగా, చెట్లున్న భూమి సర్కారుది, పంట వేసిన భూమి సాగుదారుది యని చట్టము చెప్పి, ఏది యేదియో తేల్చుట సంవత్సరములకొలది వాయిదా పడినచో గొడ్డలిపట్టినవానికి లాభము, చెట్టునుంచినవానికి నష్టము. నిలంబూరు కోవిలకమునకే చెందిన టి.ఎన్. గోదావర్మన్ తిరుమల్పాడుగారు ఈ ప్రాంతపు కలప నరికివేతను చూచియే 1995లో సుప్రీంకోర్టు నాశ్రయించిరి. 1996 డిసెంబరు 12వ తేదీ ఉత్తరువున కోర్టువారు, స్వామ్యమెవరిదైనను నిఘంటువు ప్రకారము అడవియనదగినదెల్ల 1980 చట్టపు రక్షణలోనిదేయనియు, అడవి నాక్రమించి తోటలను విస్తరింపరాదనియు శాసించిరి. ప్రభుత్వము చేయవలసిన పని న్యాయస్థానము చేయవలసివచ్చెను.

ప్రభుత్వమువారును ఈ విషయమున నిర్దోషులు కారు. 1964 సంవత్సరపు ఒడంబడిక ప్రకారము సింహళమునుండి తిరిగివచ్చిన తమిళ కూలీలకు బ్రదుకుతెరువు కల్పించుటకై 1968 మొదలు అటవీశాఖవారే నీలగిరి అడవిలో తేయాకు వేసిరి. ఉద్దేశము దయాపూర్ణము, కాదనము. కాని తాము నరికిన చోట పరోపకారమును, ఇతరులు నరికిన చోట ఆక్రమణమును జూచుట పాలకులకు తగునా? ధర్మము ఇరువురికిని ఒక్కటే.

కేరళమున మరియొక మార్గమవలంబించిరి. 1971లో ప్రైవేటు అడవుల చట్టము చేసి, ప్రధానముగా తేయాకు, కాఫీ, రబ్బరు, ఏలకుల సాగులోనున్న భూములను మినహాయించి, తక్కిన యడవులను సర్కారు పరము గావించిరి. 1973లో సుప్రీంకోర్టు దానిని భూసంస్కరణయని సమర్థించెను. 1971 మే 10వ తేదీ నాటికి భూమి యెట్లున్నదనునదే అచ్చటి విచారణకు గీటురాయి. ఆ పద్ధతిలోను వ్యాజ్యములు లేకపోలేదు. అయినను తేదీ నిర్ణయమైనందున, తరువాత నరికిన చెట్టు నరికినవానికి హక్కుగా పరిణమింపదు. గూడలూరునకు కావలసినదదియే.

ఈ రాజదర్బారుల తగవులో మాట లేనివారు మువ్వురున్నారు. అడవికి పూర్వమునుండియు వారసులైన పణియ, కాట్టునాయక, కురుంబ జాతులవా రొకరు. వారికి 2006 సంవత్సరపు అటవీ హక్కుల చట్టము హక్కు చెప్పుచున్నది. రెండవవారు తోటల కూలీలు, తోట మూతపడిన నాడు ఇల్లును కూలియు నేకకాలమున పోగొట్టుకొనువారు. మూడవవారు కొద్దిపాటి సెంట్ల భూమిలో ఇల్లు కట్టుకొని, పట్టా లేదను కారణమున కరెంటునకు సయితము దేవురించువారు. వేలాది యెకరముల కౌలుదారునకు వకీలున్నాడు. వీరికెవరున్నారు?

కావున మా యభిప్రాయము స్పష్టము. అడవి దేశముది. కొండలపై చెట్లు పోయినచో క్రింది పొలములకు వాగులు పారవు, పల్లపు రైతే ముందు దెబ్బతినును. అడవి పేర ప్రభుత్వము భూమి గోరుట న్యాయమే. అయితే ఆ కోరిక గడువు లేని బెదరింపు కాగూడదు. ఒక తేదీ నిర్ణయించి, సర్వే ముగించి, నాటికి వృక్షములున్న భూమిని అడవిగా ప్రకటించి, పెద్ద కౌలుల విషయము తేల్చి, కూలీలకును చిన్న సాగుదార్లకును ఆదివాసులకును ముందుగా హక్కు పత్రములిచ్చుట పాలకుల విధి. మన ఏజెన్సీ కొండలలోను కాఫీ వ్యాపించుచున్న యీ దినములలో ఆంధ్ర పాలకులు ఈ పాఠమును ఇప్పుడే నేర్చుట మంచిది. తేల్చని హక్కు యజమానునికిని మేలు చేయదు, అడవికిని మేలు చేయదు. మేలు చేయునది గొడ్డలి కొక్కదానికే.